రెండు నాణేలు, ఒక పడవ: హేతువాద తత్త్వవేత్తలను పెన్సిలుతో చదివే పద్ధతి

ముందుగా పేరు గొడవ ఒకటి తీర్చుకోవాలి. తెలుగులో హేతువాది అనగానే దేవుణ్ణీ దయ్యాన్నీ నమ్మని మనిషి గుర్తొస్తాడు. ఇక్కడి హేతువాదులు వేరు. డెకార్ట్ (1596–1650), స్పినోజా (1632–1677), లైబ్నిజ్ (1646–1716) ముగ్గురూ దేవుడున్నాడని నిరూపించడానికి కూర్చున్నవాళ్లే. (స్పినోజా నిరూపించిన దేవుడు ప్రకృతికి మారుపేరు కావడంతో ఆయన్ను నాస్తికుడని తిట్టినవాళ్లూ ఉన్నారు. అది వేరే కథ.) కంటితో చూసి పోగుచేసినదానికన్నా బుద్ధితో తేల్చినదానికి ఎక్కువ విలువ ఇచ్చారు. లోకం అమరికలోనూ గణిత నిరూపణలోనూ నడిచేది ఒకే తర్కమని నమ్మారు. అందుకే వాళ్లకు ఆ పేరు.

నేను 30 ఏళ్లకు పైగా భౌతికశాస్త్రం పాఠం చెప్పినదాన్ని. తత్త్వశాస్త్రంలో నాకు పట్టా లేదు. స్పినోజా ‘ఎథిక్స్’ మూడుసార్లు మొదలుపెట్టి మూడుసార్లూ మొదటి పేజీలోనే వదిలేశాను. ‘తనకు తానే కారణమైనది’ అన్న మొదటి నిర్వచనం దగ్గరే కళ్లు మూతలు పడేవి.

దారి చూపింది ఒక విద్యార్థిని. అభిఘాతాల (వస్తువులు ఢీకొనడం గురించిన) పాఠంలో బోర్డు మీద ‘ద్రవ్యవేగ (మొమెంటమ్) నిత్యత్వ నియమం’ అని రాశాను. “మేడమ్, నిత్యం అన్న మాట దేవుడికి కదా వాడతారు, లెక్కలోకి ఎందుకొచ్చింది?” అని అడిగింది. “పుస్తకంలో అలాగే ఉందమ్మా” అని తప్పించుకున్నాను. ఇంటికి వెళ్లి వెతికితే, ఆ నియమానికి పూర్వరూపం నిజంగానే దేవుడి నిత్యత్వం నుంచి పుట్టిందని తెలిసింది. 1644లో అచ్చయిన ‘తత్త్వశాస్త్ర సూత్రాలు’లో డెకార్ట్ ఇలా వాదిస్తాడు: దేవుడు మారడు, కనుక సృష్టి వేళ పదార్థానికి ఎంత చలనం ఇచ్చాడో అంత చలనాన్నే ఎప్పటికీ నిలిపి ఉంచుతాడు. మర్నాడు ఆ అమ్మాయికి తరగతిలోనే క్షమాపణ చెప్పుకున్నాను.

అప్పటి నుంచి వీళ్లను ఒకే పద్ధతిలో చదువుతున్నాను. ఫలానా తత్త్వం ఏ లెక్కకు దారి తీస్తోందో కనిపెట్టడం, ఆ లెక్కను నా చేత్తో చేయడం, లెక్క తెగిన చోట ఆగి, తెగింది తత్త్వమా, దాన్ని లెక్కలోకి దించిన తీరా అని అడగడం. తత్త్వమీమాంసను, అంటే మెటాఫిజిక్స్‌ను, ఈ దారిలో పట్టుకోవడం ఎలాగో చెప్పడానికే ఇదంతా.

సరంజామా, మొదలుపెట్టే చోటు

పెన్సిలు, గళ్ల కాగితం, నున్నటి బల్ల, ఒకే రకం నాణేలు రెండు, వాటికన్నా బరువైనది మరొకటి. పదో తరగతి బీజగణితం. కలనగణితం ఈ దశలో అక్కర్లేదు, దాన్ని కనిపెట్టినవాళ్లలో ఒకరు ఈ ముగ్గురిలో ఉన్నా సరే.

అందరూ డెకార్ట్‌ను 1641 నాటి ‘ధ్యానాలు’తో మొదలుపెట్టమంటారు. నేను వద్దంటాను. ఆ పుస్తకం బాగుంటుంది, చాలా బాగుంటుంది. చిక్కంతా అక్కడే. మొత్తాన్ని సందేహించడం, మంట దగ్గర కరిగే మైనపు ముద్ద, ‘నేను ఆలోచిస్తున్నాను’ అన్న ఆసరా చదివి మనిషి అక్కడే ఆగిపోతాడు. డెకార్ట్ అంటే కుర్చీలో కూర్చుని లోకాన్ని అనుమానించిన పెద్దమనిషి అన్న బొమ్మ స్థిరపడుతుంది. 1637లో ఆయన అచ్చువేసిన ‘పద్ధతి మీద ప్రసంగం’ నిజానికి మూడు శాస్త్ర వ్యాసాలకు ముందుమాట: ఒకటి కాంతి మీద, ఒకటి వాతావరణం మీద, ఒకటి జ్యామితి మీద. ఇంద్రధనుస్సు దాదాపు 42 డిగ్రీల కోణంలోనే ఎందుకు కనబడుతుందో లెక్కగట్టింది ఆ రెండో వ్యాసంలో. వక్రరేఖలకు సమీకరణాలు రాసింది మూడో దానిలో. ఇప్పుడు మూడింటినీ కత్తిరించి ముందుమాట ఒక్కటే అమ్ముతున్నారు. పెళ్లి మానేసి శుభలేఖ చదువుకున్నట్టు ఉంటుంది.

కాబట్టి ‘తత్త్వశాస్త్ర సూత్రాలు’ రెండో భాగం తెరవండి. 46 నుంచి 52 వరకు ఉన్న చిన్న పేరాలు ఏడు. రెండు వస్తువులు ఢీకొంటే ఏమవుతుందో చెప్పే ఏడు నియమాలవి. వాటి నెత్తిన ఉన్న తత్త్వం ఒక్కటే: వస్తువు పరిమాణాన్ని దాని వేగంతో గుణించి, అన్నీ కూడితే, ఆ మొత్తం మారకూడదు. దిశకు ఇందులో చోటు లేదు. వేగానికి రుణ గుర్తు ఉండదు. ఈ చివరి మాటను పుస్తకం అంచున రాసి పెట్టుకోండి. మిగతా కథంతా ఆ లేని గుర్తు చుట్టూ తిరుగుతుంది.

నాణేలు

ఆరో నియమంతో మొదలుపెట్టండి. కదలకుండా ఉన్న వస్తువును దానితో సమానమైన మరో వస్తువు 4 వేగంతో ఢీకొంటే, డెకార్ట్ లెక్కలో నిలిచి ఉన్నదానికి 1 వేగం వస్తుంది, వచ్చినది 3 వేగంతో వెనక్కి పోతుంది. 4 = 1 + 3. ఆయన ఖాతా సరిపోయింది.

ఇప్పుడు నాణెం జార్చి దాని జోడీకి సూటిగా తగిలించండి. వచ్చినది దాదాపు ఆగిపోతుంది, నిలిచి ఉన్నది ముందుకు పోతుంది. మూడు వంతుల వేగంతో వెనక్కి రావడమన్న ముచ్చటే లేదు. తగిలింపు సూటిగా లేకపోతే రెండూ పక్కలకు చెదురుతాయి; అలాంటివి లెక్కలోకి తీసుకోకండి.

నాలుగో నియమం ఇంకా విడ్డూరం. నిలిచి ఉన్న పెద్ద వస్తువును చిన్న వస్తువు ఎంత వేగంతో వచ్చి గుద్దినా కదిలించలేదట. పెద్ద నాణేనికి చిన్న నాణెం తగిలించి చూడండి. కదులుతుంది.

ఈ పాటి పరీక్ష డెకార్ట్‌కు తట్టలేదా అని విసుక్కోవడం తేలిక. విసుక్కునే ముందు 53వ పేరా చదవండి. అనుభవం నా నియమాలకు అడ్డం వస్తున్నట్టు కనబడవచ్చు, ఎందుకంటే నియమాలు సంపూర్ణంగా గట్టివైన, చుట్టుపక్కల పదార్థంతో తెగతెంపులు చేసుకున్న రెండు వస్తువుల గురించి. లోకంలో అలాంటివి లేవు అంటాడు. ఇక్కడ చాలామంది పాఠకులు ‘తప్పించుకున్నాడు’ అని పుస్తకం మూసేస్తారు. నేనూ మూసేశాను. అది తొందరపాటు. గాలి ఒరిపిడి లేదనుకుని పడే రాయికి సమీకరణం రాసే మనం అలాంటి వాదనను చిన్నచూపు చూడలేం. ఆయన్ను ఓడించాలంటే నాణెం చాలదు. ఆయన ఒప్పుకున్న మాటలతోనే ఓడించాలి.

పడవ

ఆ పని చేసింది డచ్ శాస్త్రవేత్త హైగెన్స్ (1629–1695). ఈ భాగం మీద ఒక సాయంత్రమంతా వెచ్చించండి. హేతువాదం బలమూ బలహీనతా రెండూ ఇంత చిన్న చోట దొరకడం నేను మరెక్కడా చూడలేదు.

డెకార్ట్ ఒప్పుకున్నవి రెండు. ఒకటి, మొదటి నియమం: సమానమైన రెండు వస్తువులు సమాన వేగంతో ఎదురెదురుగా వచ్చి ఢీకొంటే, ఏ వేగంతో వచ్చాయో అదే వేగంతో వెనక్కి పోతాయి. రెండు, చలనం అంటే పక్కనున్న వస్తువుల నుంచి దూరం జరగడమే. ఇది దాని నుంచి జరిగిందన్నా, అది దీని నుంచి జరిగిందన్నా ఒకటే.

ఇప్పుడు కాగితం మీద పడవ గీయండి. పడవలో ఒక మనిషి రెండు సమానమైన గోళాలను 2 వేగంతో ఎదురెదురుగా ఢీకొట్టిస్తాడు. మొదటి నియమం ప్రకారం రెండూ 2 వేగంతో వెనుదిరుగుతాయి. అదే సమయంలో పడవ 2 వేగంతో కుడివైపు పోతోంది. గట్టు మీద నిలబడిన మనిషికి ఏమి కనిపిస్తుంది? ఢీకొనక ముందు ఒక గోళం 4 వేగంతో కుడికి పోతోంది, రెండోది కదలడం లేదు. ఢీకొన్నాక మొదటిది ఆగిపోయింది, రెండోది 4 వేగంతో కుడికి పోతోంది.

గట్టు మీద మనిషి చూసింది అచ్చంగా ఆరో నియమం చెప్పే సందర్భమే. ఫలితం మాత్రం డెకార్ట్ చెప్పినది రాలేదు, బల్ల మీద నాణెం చెప్పినది వచ్చింది. ఇందులో ఒక్క ప్రయోగం కూడా లేదు.

రెండో దెబ్బ మీరే కొట్టవచ్చు. నిలిచి ఉన్న పెద్దదానికి చిన్నది తగిలితే చిన్నది అదే వేగంతో వెనక్కి పోతుందని నాలుగో నియమం. నిలిచి ఉన్న చిన్నదానికి పెద్దది తగిలితే రెండూ కలిసి ఒకే వేగంతో ముందుకు పోతాయని అయిదో నియమం. పడవ వేగం తగినట్టు మారిస్తే ఈ రెండూ ఒకే సంఘటన. ఒక గట్టు నుంచి చూస్తే వస్తువులు విడిపోతాయి, మరో పడవ నుంచి చూస్తే అంటుకుని పోతాయి. రెండూ నిజం కావు.

ఇక్కడ పెన్సిలు దించి ఒక ప్రశ్న వేసుకోండి: ఇంతటి గణితజ్ఞుడు ఎక్కడ జారాడు? నాకు కనిపించే జవాబు, ఆయన ‘నిశ్చలత’ను ఒక శక్తిగా లెక్కించాడు. నిలిచి ఉన్నది నిలిచి ఉండడానికి పట్టు పడుతుంది, పెద్దదైతే ఎక్కువ పట్టు పడుతుంది అన్నది ఆయన ఊహ. పడవ ఎక్కగానే నిశ్చలత మాయమవుతుంది. లేని వస్తువుకు బలం ఆపాదించినట్టయింది.

మూడు గడుల ఖాతా

ఇప్పుడు మీ కాగితాన్ని మూడు గడులు చేయండి. మొదటిది డెకార్ట్ గడి: ద్రవ్యరాశి × వేగం, గుర్తు లేకుండా. రెండోది అదే లెక్క, ఎడమకు పోతే రుణ గుర్తుతో. మూడోది లైబ్నిజ్ గడి: ద్రవ్యరాశి × వేగం × వేగం.

ఆరో నియమాన్ని దీనిలో వేయండి. ముందు: 4, 4, 16. డెకార్ట్ చెప్పినట్టు జరిగితే తరువాత: 4, –2, 10. మొదటి గడి ఒక్కటే నిలిచింది. నాణేల్లా జరిగితే: 4, 4, 16. మూడూ నిలిచాయి. ఏ గడి నిజమో ఈ సందర్భం తేల్చలేదు కాబట్టి ఇంకొకటి కావాలి. ద్రవ్యరాశి 1 ఉన్న గోళం 3 వేగంతో వచ్చి, నిలిచి ఉన్న ద్రవ్యరాశి 2 గోళాన్ని స్థితిస్థాపకంగా (అంటే గతిజ శక్తి ఏమీ పోకుండా) ఢీకొంటుంది. మొదటిది 1 వేగంతో వెనక్కి వస్తుంది, రెండోది 2 వేగంతో ముందుకు పోతుంది. ముందు: 3, 3, 9. తరువాత: 5, 3, 9. డెకార్ట్ గడి 3 నుంచి 5కు పెరిగిపోయింది. దేవుడి నిత్యత్వం మీద కట్టిన ఖాతాలో 2 ఎక్కడి నుంచో ఊడిపడింది.

1686లో లైబ్నిజ్ ‘డెకార్ట్ చేసిన ఒక చెప్పుకోదగ్గ పొరపాటు’ గురించి చిన్న వ్యాసం అచ్చువేశాడు. ఆయన ఢీకొట్టుకునే గోళాల జోలికి పోలేదు, పడే బరువులు తీసుకున్నాడు. 1 బరువును 4 ఎత్తుకు ఎత్తడానికీ, 4 బరువును 1 ఎత్తుకు ఎత్తడానికీ ఒకే శ్రమ పడుతుంది. ఇది డెకార్ట్ మనుషులూ ఒప్పుకునేదే. రెండింటినీ కిందికి వదలండి. గెలీలియో చూపినట్టు వేగం ఎత్తు వర్గమూలాన్ని అనుసరిస్తుంది కనుక మొదటిది 2 వేగంతో, రెండోది 1 వేగంతో నేలకు చేరతాయి. డెకార్ట్ గడిలో 2, 4. లైబ్నిజ్ గడిలో 4, 4.

అక్కడితో ఆగితే అది గుణకారం పాఠమే. డెకార్ట్ లెక్కే నిజమైతే రెండో బరువు చలనం మొత్తాన్ని, అంటే 4ను, 1 బరువుకు అప్పగించవచ్చు. అది 4 వేగం అందుకుని 16 ఎత్తుకు ఎగురుతుంది. 4 ఎత్తుకు సరిపడా పెట్టుబడితో 16 ఎత్తు లాభం. ఎప్పటికీ ఆగని యంత్రం కట్టవచ్చు. ఫలితం కారణాన్ని మించకూడదు కనుక ఇది అసాధ్యం అంటాడు లైబ్నిజ్. గమనించండి, డెకార్ట్ తత్త్వాన్ని కొట్టడానికి ఆయన వాడిందీ తత్త్వమే. ఏదో ఒకటి నిలిచి ఉంటుందన్న నమ్మకంలో ఇద్దరికీ తేడా లేదు. ఏది నిలుస్తుందన్నది మాత్రం బుద్ధి ఒక్కసారిగా చెప్పలేకపోయింది, లెక్క నెట్టుకుంటూ వచ్చి చెప్పించింది.

లైబ్నిజ్ ‘సజీవ బలం’ అని పిలిచిన ఆ మూడో గడిలో సగమే ఇవాళ మన గతిజ శక్తి. రెండో గడి ద్రవ్యవేగం. రెండూ అవసరమే. ‘అసలైనది ఏది’ అని దశాబ్దాల పాటు జరిగిన తగవులో చాలా భాగం ఒక్కటే ఉండాలన్న పట్టుదల వల్ల వచ్చిందని నా అభిప్రాయం.

ఈ ఖాతా రెండు చోట్ల నేరుగా తత్త్వంలోకి తీసుకుపోతుంది. మొదటిది: డెకార్ట్‌కు వస్తువు సారం విస్తృతి, అంటే పొడవు వెడల్పు లోతు, అంతే. లైబ్నిజ్ అదే 1686లో రాసిన తత్త్వ వ్యాసంలో, పరిమాణమూ ఆకారమూ చలనమూ కూడినా ఈ బలం రాదు కనుక వస్తువులో విస్తృతిని మించినదేదో ఉందని వాదించాడు. ఆయన చివరికి చేరిన ‘మోనాడ్’లకు, అంటే భాగాలు లేని మూల ద్రవ్యాలకు, ఇదొక మెట్టు. మోనాడ్ అన్న మాట వినగానే మాయామర్మంలా తోచి భయపడేవాళ్లు ఈ బరువుల లెక్క నుంచి ఎక్కండి, మెట్లు కనబడతాయి.

రెండోది ఆత్మ గురించి. 1643లో బొహీమియా రాకుమారి ఎలిజబెత్ డెకార్ట్‌కు ఉత్తరం రాసింది. తోయాలంటే తాకాలి, తాకాలంటే విస్తృతి ఉండాలి. విస్తృతి లేని ఆత్మ శరీరాన్ని ఎలా కదిలిస్తుంది? ఆ ప్రశ్న పక్కన నా పెన్సిలు గీతలు మూడు ఉన్నాయి. డెకార్ట్ ఇచ్చిన జవాబులు ఆమెకు చాలలేదు, నాకూ చాలలేదు. తరువాత లైబ్నిజ్ ‘మోనడాలజీ’ 80వ పేరాలో దీన్ని మన గడులతో కలుపుతాడు: ఆత్మ చలనం మొత్తాన్ని పెంచలేదు కానీ దిశను మార్చగలదని డెకార్ట్ అనుకున్నాడట, దిశతో కూడిన మొత్తం కూడా మారదని ఆయన కాలానికి తెలిసి ఉంటే, నేను చెప్పే ముందస్తు సామరస్యానికే (ఆత్మా శరీరమూ ఒకదాన్నొకటి కదిలించకుండానే, దేవుడు ముందే కుదిర్చిన పొత్తులో నడుస్తాయన్న వాదానికే) వచ్చి ఉండేవాడు అంటాడు. ఆ వాదనను డెకార్ట్‌కు అంటగట్టడం ఎంతవరకు న్యాయమో చర్చించవచ్చు. నన్ను నిలబెట్టింది వేరే సంగతి. గుర్తు లేని గడిలో ఆత్మ దూరడానికి ఒక సందు మిగిలింది. రుణ గుర్తు పెట్టగానే ఆ సందు మూసుకుపోయింది.

ఒక పక్కమాట. నియమాలు కాలంతో మారకపోతే శక్తి నిలకడగా ఉంటుందని గణితవేత్త ఎమీ నోదర్ 1918లో అచ్చువేసిన సిద్ధాంతం నుంచి వస్తుంది. ‘దేవుడు మారడు కనుక చలనం మొత్తం మారదు’ అన్న మాట పక్కన దీన్ని పెట్టి చదివితే నాకు ఒళ్లు జలదరిస్తుంది. అయినా రెండూ ఒకటేనని ఎక్కడా రాయకండి. నోదర్ సిద్ధాంతం ఏది నిలుస్తుందో సమీకరణం నుంచి తీసి చేతిలో పెడుతుంది. డెకార్ట్ తత్త్వం ఆ పని చేయలేకపోయింది.

స్పినోజాను వెనక నుంచి

నాలుగోసారి ‘ఎథిక్స్’ తెరిచినప్పుడు మొదటి పేజీ చూడలేదు. యూక్లిడ్ పద్ధతిలో రాసిన పుస్తకమది: మొదటి భాగంలో 8 నిర్వచనాలు, 7 స్వయంసిద్ధాలు, 36 ప్రతిపాదనలు. జ్యామితి సిద్ధాంతం చదివే విద్యార్థి ఏమి చేస్తుంది? ఏమి నిరూపించాలో ముందు చూసుకుని, దేని మీద ఆధారపడిందో వెనక్కి వెతుక్కుంటుంది. అలాగే చేయండి.

14వ ప్రతిపాదన తీసుకోండి: దేవుడు తప్ప మరో ద్రవ్యం ఉండదు, ఊహించనూ లేము. (ద్రవ్యం అంటే ఇక్కడ డబ్బూ కాదు, ద్రవ్యరాశీ కాదు. తనలో తానుండి, మరోదాని సాయం లేకుండా అర్థమయ్యేది.) కాగితం పైభాగాన 14 అని రాసి చుట్టూ సున్న చుట్టండి. దాని నిరూపణ పిలిచేవి ఆరో నిర్వచనం, 11, 5. ప్రతిదానికీ కిందికి గీత గీయండి. 11 (దేవుడు తప్పనిసరిగా ఉన్నాడు) ఏడో స్వయంసిద్ధాన్నీ, 7నూ పిలుస్తుంది. 7 (ఉండడం ద్రవ్యం స్వభావం) ఆరో ప్రతిపాదన ఉపసిద్ధాంతాన్నీ, మొదటి నిర్వచనాన్నీ పిలుస్తుంది. నన్ను నిద్రపుచ్చిన ఆ ‘తనకు తానే కారణం’ ఇక్కడ పనిలోకి దిగుతుంది. పని కనబడ్డాక నిద్ర రాలేదు. 6 వెళ్లి 5, 3, 2లను పిలుస్తుంది.

బొమ్మ పూర్తి చేసి దూరం నుంచి చూడండి. 5 రెండుసార్లు వచ్చింది: ఒకసారి 14కు నేరుగా, మరోసారి 11, 7, 6ల గుండా. మేడంతా ఆ స్తంభం మీదే నిలిచింది. ఆ అయిదోది ఏమంటుందంటే, ఒకే లక్షణం ఉన్న ద్రవ్యాలు రెండు ఉండలేవు. రెండు ఉన్నాయంటే ఏదో ఒక తేడాతో వాటిని వేరుచేయగలగాలి. తేడా లక్షణంలో లేకపోతే తాత్కాలిక స్థితుల్లో ఉండాలి. ద్రవ్యం తన స్థితులకన్నా ముందుది కనుక వాటిని పక్కన పెట్టాలి. ఇక వేరుచేయడానికి ఏమీ మిగలదు.

ఎక్కడ తట్టి చూడాలో ఇప్పుడు మీకు తెలుసు. ద్రవ్యానికి లక్షణాలు ఎన్నో ఉండవచ్చని స్పినోజాయే అంటాడు. ఒకటి కలిసి, మరొకటి వేరుగా ఉన్న రెండు ద్రవ్యాలు ఎందుకుండకూడదు? ఈ అడ్డుప్రశ్న నాకే తట్టిందని వారం రోజులు గర్వపడ్డాను. లైబ్నిజ్ ఎథిక్స్ చదువుతూ రాసుకున్న గమనికల్లో సరిగ్గా అక్కడే వేలు పెట్టాడని తరువాత తెలిసింది. 1676 నవంబరులో హేగ్ నగరంలో ఆయన స్పినోజాను కలిశాడు కూడా. ఆ పుస్తకం అచ్చయింది మరుసటి ఏడాది, స్పినోజా పోయాక.

ఇలా ఒక్క ప్రతిపాదనకు చెట్టు గీయడానికి నాకు రెండు రాత్రులు పట్టింది. 36కూ గీయనవసరం లేదు. మూడు గీస్తే పుస్తకం నడక తెలుస్తుంది. చెట్లు గీసే ఓపిక తగ్గిన రోజున మొదటి భాగం చివరి అనుబంధం చదువుకోండి; అక్కడ ఆయన జ్యామితి వదిలి మనిషిలా కోప్పడతాడు.

త్రాసు

లైబ్నిజ్‌ను నడిపించిన సూత్రం: తగిన కారణం లేనిదే ఏదీ ఇలా కాకుండా అలా ఉండదు. 1715–16లో న్యూటన్ పక్షాన వాదించిన క్లార్క్‌తో జరిగిన ఉత్తరాల్లో లైబ్నిజ్ దీనికి ఆర్కిమిడీస్ త్రాసును ఉదాహరణగా చూపాడు. రెండు వైపులా అంతా సమానమైతే త్రాసు వాలదు, ఎందుకంటే ఒక వైపుకే వాలడానికి కారణం లేదు. తరగతిలో సౌష్ఠవం పేరు చెప్పి సగం లెక్కలు మనం ఇలాగే తేలుస్తాం.

ఈ సూత్రాన్ని వాడేటప్పుడు ఒక జాగ్రత్త నేర్పింది భౌతికశాస్త్రవేత్త ఎర్న్‌స్ట్ మాహ్. యాంత్రికశాస్త్రం మీద 1883లో అచ్చయిన పుస్తకంలో ఆయన అడిగినది ఇది: ‘అంతా సమానం’ అంటే ఏమేమిటి? త్రాసు చేతులకు రెండు రంగులు వేస్తే? చూసేవాడు ఒక పక్కన నిలబడితే? అవి లెక్కలోకి రావని మనకు తెలిసింది అనుభవం వల్లనే. కాబట్టి ‘కారణం లేదు కనుక’ అన్న వాక్యం ఎదురైన ప్రతిచోటా అంచున రెండు జాబితాలు రాయండి: లెక్కలోకి వచ్చేవి, రానివి. రెండో జాబితా ఎక్కడి నుంచి వచ్చిందో పుస్తకం చెప్పకపోతే అనుమానించండి. త్రాసు దగ్గర లైబ్నిజ్ గట్టిగా నిలుస్తాడు. అదే సూత్రంతో శూన్యం లేదు, అణువులు లేవు అని చెప్పేటప్పుడు అంత గట్టిగా నిలవడు. విశ్వాన్ని ఉన్నచోటు నుంచి పక్కకు జరిపి పెట్టడానికి దేవుడికి కారణం లేదు కనుక వస్తువులతో నిమిత్తం లేని స్థలమన్నది ఉండదన్న వాదన ఈ రెంటికీ మధ్యలో ఉంటుంది. దాని మీద నా అభిప్రాయం ఏడాదికోసారి మారుతుంది.

ఈ గొడవలన్నీ ఒకే చోట, పాఠం చెప్పినట్టు కావాలంటే ఎమిలీ ద్యు షాత్లే 1740లో తీసుకొచ్చిన భౌతికశాస్త్ర పుస్తకం పట్టుకోండి. లైబ్నిజ్ సూత్రాలతో మొదలుపెట్టి న్యూటన్ దాకా నడిపిస్తుంది. మెత్తటి బంకమట్టిలోకి డచ్ శాస్త్రవేత్త గ్రావెసాండే జారవిడిచిన ఇత్తడి గోళాల సంగతీ ఆ కాలపు చర్చలో ముఖ్యమైనదే: వేగం రెట్టింపయితే గుంట నాలుగు రెట్లు. మట్టి ఉంటే మీరూ చేయవచ్చు. గుంట లోతును ఒక్కటే కొలవకండి, దానిలో పట్టే నీటిని కొలవండి. నేను మొదట లోతు కొలిచి లైబ్నిజ్ తప్పని తేల్చేశాను.

మూడో నియమాన్ని కావాలనే వదిలేశాను. సమానమైన వస్తువులు రెండు ఎదురెదురుగా వస్తున్నాయి, ఒకటి 6 వేగంతో, మరొకటి 4 వేగంతో. ఢీకొన్నాక రెండూ వేగంగా వచ్చినదాని దిశలోనే 5 వేగంతో పోతాయంటాడు డెకార్ట్. పడవ ఏ వైపు, ఎంత వేగంతో పోతే లోపలి మనిషికి ఇది మొదటి నియమంలా కనబడుతుందో ముందు తేల్చండి. మూడు గడులూ నింపాక నాణేలు తీయండి.